ఉప్పు చల్లితే చచ్చే నత్త, ఉప్పునీళ్ళలో పచ్చబడే నత్త

కార్తీకంలో తిరుపతికి వాన పట్టుకుందంటే రెండు మూడు రోజులు వదలదు. ఆ ముసురులోనే మా పెరట్లో కొత్తిమీర మడి పక్కన, నీళ్ళ తొట్టి గోడ మీద నల్లగా, జిగటగా ఒకటి పాకుతూ కనిపిస్తుంది. నత్తే, వీపు మీద గుల్ల మాత్రం ఉండదు. మా వైపు చాలామంది దాన్ని జలగ అనేస్తారు. జలగ రక్తం తాగుతుంది, ఇది ఆకులు కొరుకుతుంది. దానికి మా అవ్వ వేసే మందు ఒకటే, రాళ్ళుప్పు. గుప్పెడు తెచ్చి మీద చల్లితే అది గిర్రున ముడుచుకుంటుంది, ఒళ్ళంతా నురుగు పడుతుంది, కాసేపటికి కదలిక ఆగిపోతుంది. నిమ్మకాయ ముక్కలకు ఉప్పు కలిపి జాడీలో పెడితే తెల్లారేసరికి ఊట దిగుతుంది కదా, ఆ నత్త ఒంట్లో జరిగేదీ అదే. బయట ఉప్పు ఎక్కువైతే లోపలి నీరంతా బయటికి లాగేస్తుంది.

నా దగ్గర ట్యూషన్‌కి వచ్చే ఇంటర్ బైపీసీ అమ్మాయి ఒకరోజు ఫోన్‌లో ఒక బొమ్మ చూపించింది. ముదురాకుపచ్చ రంగు, మధ్యలో ఈనె, దాన్నుంచి పక్కలకు చీలిన సన్నసన్న ఈనెలు, ఒక కొసన రెండు చిన్న కొమ్ములు. కింద తెలుగులో ఇట్లా రాసుంది: ఇది ఆకు కాదు, జంతువు, ఒకసారి పాచి తిన్నాక జీవితమంతా ఎండతోనే బతుకుతుంది. ఆ అమ్మాయి దాన్ని గుడ్డిగా నమ్మలేదు, అబద్ధమని కొట్టేయనూ లేదు. వేరే ప్రశ్న అడిగింది. "సార్, ఇది కూడా గుల్లలేని నత్తే కదా, సముద్రంలో ఎట్ల ఉంటుంది? ఉప్పుకి చచ్చిపోదా?"

ఎండ తినడం గురించి ఎవరైనా అడుగుతారు. ఉప్పు గురించి అడగాలంటే ఆ జీవి ఉండే చోటును మనసులో పెట్టుకోవాలి. ఈ నత్త కథ ఇన్నేళ్ళుగా చిక్కుపడి ఉండటానికి ఒక కారణం కూడా అదేనని నాకనిపిస్తుంది. అందరూ దాని రంగు చూశారు, అది బతికే నేలను తక్కువమంది చూశారు. అందుకే ఇక్కడ నేల దగ్గరే మొదలుపెడతాను.

దాని పేరు ఎలీసియా క్లోరోటికా. అమెరికా శాస్త్రవేత్త ఆగస్టస్ గూల్డ్ పుస్తకంలో, ఆయన పోయాక 1870లో, దాని వర్ణన ఆ పేరుతో అచ్చయింది. ఉండేది ఉత్తర అమెరికా తూర్పు తీరంలో, పైన కెనడాలోని నోవా స్కోషియా నుంచి కింద ఫ్లోరిడా దాకా. సముద్రపు నత్త అనగానే మనకు పగడపు దిబ్బలు, నీలపు లోతులు గుర్తొస్తాయి. ఇది అక్కడ దొరకదు. పోటు వచ్చినప్పుడు మునిగి, ఆటుకు తేలే ఉప్పు చిత్తడి నేలలు దాని ఊరు. స్పార్టినా అనే గడ్డి దుబ్బుల మధ్య బురద గుంటలు, పిల్లకాలువలు ఉంటాయి. అక్కడ నీళ్ళు మోకాలి లోతు కూడా ఉండవు. మసాచుసెట్స్ తీరానికి దగ్గర్లో ఉన్న మార్తాస్ వైన్‌యార్డ్ దీవి చిత్తడి నుంచి పరిశోధకులు ఏళ్ళ తరబడి ఈ నత్తలను ఏరి తెచ్చుకున్నారు.

అట్లాంటి గుంటలో బతుకు ఎంత కష్టమో మన వాళ్ళకు పులికాట్‌ను చూపించి చెప్పొచ్చు. 2022లో జిల్లాలు మారినప్పుడు సూళ్ళూరుపేట, తడ మన తిరుపతి జిల్లాలోకి వచ్చాయి, వాటితో పాటు సముద్రపు గాలీ వచ్చింది. సూళ్ళూరుపేట నుంచి శ్రీహరికోటకు పోయే రోడ్డు పులికాట్ మధ్యలోంచే పోతుంది. కార్తీక, మార్గశిరాల్లో ఆ రోడ్డు మీద నిలబడితే రెండు పక్కలా నీళ్ళే. కాళంగి లాంటి ఏర్లు వాన నీటిని తెచ్చి పోస్తుంటే సరస్సులో ఉప్పదనం బాగా తగ్గిపోతుంది. మళ్ళీ మే నెలలో అదే చోట నిలబడండి. నీరు వెనక్కి పోయి, బురద పగిలి, అంచుల్లో తెల్లగా ఉప్పు పేరుకుని ఉంటుంది. మిగిలిన నీళ్ళు సముద్రం కన్నా ఉప్పగా ఉంటాయి. పులికాట్‌లో ఏడాది పొడవునా జరిగే ఈ మార్పు ఆ అమెరికా గుంటల్లో కొద్ది రోజుల్లోనే జరిగిపోగలదు. ఆటు సమయంలో పెద్ద వాన కురిస్తే గుంట దాదాపు మంచినీళ్ళవుతుంది. ఎండ కాస్తే నీరు ఆవిరై ఉప్పు చిక్కబడుతుంది. పోటు రాగానే సముద్రం మళ్ళీ లోపలికి వస్తుంది. చలికాలంలో పైన మంచు కూడా కడుతుంది.

సిడ్నీ పియర్స్ అనే జీవశాస్త్రవేత్త ఈ నత్త దగ్గరికి మొదట వచ్చింది ఆ ఉప్పు కోసమే. ప్రయోగశాలలో మెల్లమెల్లగా అలవాటు చేస్తూ పోతే అది మంచినీటికి దగ్గరగా ఉన్న నీళ్ళలోనూ బతికింది, సముద్రానికి రెండింతలు దాటిన ఉప్పులోనూ బతికింది. దాని కిటుకు ఇది. మన శరీరంలా అది లోపలి ఉప్పును ఒకే మట్టంలో పట్టి ఉంచాలని చూడదు. బయట ఎంత చిక్కగా ఉంటే లోపల కూడా అంత చిక్కబరుచుకుంటుంది. అట్లాగని కణాల్లోకి ఉప్పే నింపుకుంటే ప్రోటీన్లు పాడవుతాయి. అందుకని బీటైన్ లాంటి హాని చేయని చిన్న అణువులను కణాల్లో పెంచుకుంటుంది. లోపలా బయటా చిక్కదనం ఒకటే అయినప్పుడు నీరు ఎటూ పరుగెత్తదు. మా పెరటి నత్తకు ఈ ఏర్పాటు లేదు, పైగా ఉప్పు దాని మీద ఒక్కసారిగా వచ్చి పడుతుంది. ఆ అమ్మాయి ప్రశ్నకు జవాబు ఇంతే.

ఇక రంగు సంగతి. పొడవుకు ఇది గోరింటాకంత ఉంటుంది, రెండు మూడు సెంటీమీటర్లు. బాగా ఎదిగినవి ఆరు దాకా పోతాయి. ఒంటి రెండు పక్కలా రెక్కల్లాంటి మడతలు ఉంటాయి. వాటిని విప్పి పరిస్తే అచ్చం చిన్న తమలపాకే. ఈనెల్లా కనిపించేవి జీర్ణనాళపు కొమ్మలు. మన పేగు ఒకే గొట్టంలా పోతుంది. దీనిది చెట్టు కొమ్మల్లా చీలి మడతల అంచుదాకా పాకుతుంది. ఆ కొమ్మల గోడల్లోని కణాల నిండా ఆకుపచ్చని రేణువులు కిక్కిరిసి ఉంటాయి. అవి హరితరేణువులు. ఆకుల్లో కిరణజన్య సంయోగక్రియ జరిపేవి.

అవి వౌచీరియా అనే పాచి నుంచి వస్తాయి. బీఎస్సీ బోటనీ చదివినవాళ్ళు ఈ పేరు మరిచిపోరు. పొడవాటి పోగు గీసి, మధ్యలో అడ్డగోడలు గీయకూడదని లెక్చరర్ చేత చెప్పించుకున్న బొమ్మ అదే. ఆ అడ్డగోడలు లేకపోవడమే ఇక్కడ అసలు విషయం. వౌచీరియా పోగంతా ఒకే గొట్టం. నత్త నోట్లో ఆకురాయి లాంటి పళ్ళ వరుస ఉంటుంది, ఒకేసారి ఒక పన్నే పని చేస్తుంది. దాంతో పోగుకు గాటు పెట్టి, లోపలి రసాన్ని చెరుకు రసంలా పీల్చేస్తుంది. గోడలుంటే ఒక గది రసమే దక్కేది. రసంలోని కేంద్రకాలు, మిగతా సరుకు అరిగిపోతాయి. హరితరేణువులను మాత్రం పేగు గోడ కణాలు మింగి, అరిగించకుండా అట్టిపెట్టుకుంటాయి. ఈ దొంగతనానికి శాస్త్రంలో క్లెప్టోప్లాస్టీ అని పేరు. ఇట్లాంటి నత్తల ఒంట్లో కనిపించే పచ్చరేణువులు పాచి నుంచి వచ్చిన హరితరేణువులేనని 1965లో జపాన్ శాస్త్రవేత్తలు కవాగుటి, యమసు ఎలక్ట్రాన్ మైక్రోస్కోపుతో చూపించారు. వాళ్ళు చూసింది ఈ నత్త బంధువైన ఇంకో ఎలీసియాను.

తిన్నదాని రంగు ఒంటికి పట్టడం మనకు కొత్తేమీ కాదు. సూళ్ళూరుపేటలో పక్షుల పండుగకు పోయి ఫ్లెమింగోలను చూసినవాళ్ళకు తెలుసు, వాటి రెక్కల గులాబీ రంగు అవి తినే ఆహారంలోని కెరోటినాయిడ్ల నుంచి వస్తుంది. అయితే ఫ్లెమింగో తీసుకునేది ఒట్టి రంగునే. ఎలీసియా పనిచేసే యంత్రాన్నే తీసుకుంటోంది.

ఆ యంత్రం కూడా చేతులు మారుతూ వచ్చిందే. వంద కోట్ల ఏళ్ళకు పైమాటే, సయనోబాక్టీరియా అనే స్వతంత్ర జీవిని ఒక కణం మింగి, అరిగించుకోకుండా లోపలే ఉంచుకుంది. హరితరేణువు అట్లా పుట్టింది. దాని సంతతిలో ఎర్ర శైవలాలు వచ్చాయి. తర్వాత ఎప్పుడో ఇంకో కణం ఒక ఎర్ర శైవలాన్ని మొత్తంగా మింగింది. వౌచీరియా ఆ వంశంలోది. ఇప్పుడు ఆ వౌచీరియా దగ్గర నత్త ఎత్తుకుంటోంది. అయితే ముందటి రెండు సార్లూ మింగిన వాళ్ళ పిల్లలకు రేణువులు వారసత్వంగా అందాయి. నత్త పిల్లలకు అందవు. ఈ తేడా గుర్తుంచుకోవాలి, చివర్లో పనికొస్తుంది.

ఫోన్‌లోని ఆ ఒక్క వాక్యం వెనక నాలుగు మాటలు కలిసిపోయి ఉన్నాయి. రేణువులను నత్త తీసుకుంటుంది అన్నది ఒకటి. అవి నత్త ఒంట్లో పనిచేస్తాయి అన్నది రెండోది. ఆ పని మీదే నత్త బతుకుతుంది అన్నది మూడోది. వాటిని నడపడానికి పాచి జన్యువులను కూడా నత్త ఎత్తుకొచ్చింది అన్నది నాలుగోది. మొదటి రెండింటి మీద తగవు లేదు. వెలుతురు పడితే ఆ రేణువులు ఆక్సిజన్ వదులుతాయి, కార్బన్ డయాక్సైడ్‌లోని కార్బన్‌ను పట్టుకుంటాయి. రేడియోధార్మిక కార్బన్‌ను జాడగా పెట్టి చేసిన ప్రయోగాల్లో ఆ కార్బన్ నత్త శరీరంలోకి చేరినట్టు కూడా తేలింది. తగవంతా మూడు, నాలుగుల దగ్గరే.

నాలుగోది ముందు చూద్దాం. హరితరేణువు తనంతట తాను నడవలేదు. చిత్తూరు జిల్లా రైతుకు దీన్ని బోరు మోటారుతో చెప్పొచ్చు. పక్క ఊరి బోరులోంచి మోటారు పీకి తెచ్చుకున్నారనుకోండి. కరెంటు ఇస్తే తిరుగుతుంది. వైండింగ్ కాలిన రోజు ఎవరు కడతారు? మెకానిక్కూ, స్పేర్ పార్టులూ ఆ ఊళ్ళోనే ఉండిపోయాయి. వౌచీరియా హరితరేణువులో దాని సొంత జన్యువులు కొన్ని ఉన్నాయి, ప్రోటీన్లకు సంబంధించినవి 140 దాకా. దానికి కావలసిన ప్రోటీన్లేమో వెయ్యికి పైగా. మిగతావాటి జన్యువులు పాచి కేంద్రకంలో ఉంటాయి, ఆ కేంద్రకాన్ని నత్త అరిగించేసుకుంది. పైగా వెలుతురును పట్టే భాగంలో డీ1 అనే ప్రోటీన్ ఉంటుంది, ఎండ తగిలేకొద్దీ అది దెబ్బతింటూనే ఉంటుంది. చెట్టు ఆకులో దాన్ని రోజూ తీసేసి కొత్తది వేస్తూ ఉండాలి. అట్లాంటి యంత్రం నత్త ఒంట్లో తొమ్మిది పది నెలలు ఎట్లా నడుస్తోంది?

పాచి కేంద్రకంలోని జన్యువులు కొన్ని నత్త జన్యువుల్లోకి చేరాయేమో అన్న ఊహ ఇక్కడి నుంచే వచ్చింది. తల్లిదండ్రుల నుంచి కాకుండా వేరే జీవి నుంచి జన్యువు రావడం బాక్టీరియాల్లో మామూలే. పాచి నుంచి జంతువుకు అంటే పెద్ద మాట. 2008లో మేరీ రంఫో బృందం పీఎస్‌బీఓ అనే పాచి జన్యువు నత్త డీఎన్ఏలో దొరికిందని ప్రకటించింది. ప్రపంచమంతా పత్రికలు రాశాయి, సగం మొక్క సగం జంతువు అన్న పేరు అప్పుడే స్థిరపడింది. 2013లో నత్త గుడ్ల డీఎన్ఏను విస్తారంగా చదివి చూశారు. పెద్దవాటి ఒంట్లో తిన్న పాచి డీఎన్ఏ కలిసి ఉండొచ్చు, గుడ్లలో ఆ గొడవ ఉండదు. జన్యువులు వంశంలోకి చేరాయనడానికి ఆధారం దొరకలేదు. ఆ వ్యాసం రాసినవాళ్ళలో రంఫో పేరు కూడా ఉంది. తాను ముందు చెప్పినదాన్ని తానే మళ్ళీ పరీక్షకు పెట్టి, వచ్చిన ఫలితం కింద సంతకం చేసింది. ఆ జన్యువు పేరు కన్నా ఈ సంగతిని నా విద్యార్థులు గుర్తుపెట్టుకోవాలని నాకు కోరిక.

తగవు అంతటితో ఆగలేదు. 2014లో పియర్స్ బృందం నత్త క్రోమోజోమ్ మీదే ఒక పాచి జన్యువు మెరుస్తూ కనిపించిందని ఫ్లోరసెంట్ పద్ధతిలో చూపించింది. 2021లో జపాన్ పరిశోధకులు ప్లాకోబ్రాంకస్ అనే దగ్గరి బంధువు జన్యుపటాన్ని పూర్తిగా చదివి, అందులో పాచి జన్యువులు లేవని చెప్పారు. మొత్తం మీద ఇప్పుడు తూకం జన్యువుల మార్పిడి లేదన్న వైపే ఎక్కువగా వాలి ఉంది. నాకూ అదే సబబుగా తోస్తుంది, ఎందుకంటే జవాబు పాచిలోనే దొరికే దారి ఒకటుంది. వౌచీరియా హరితరేణువు సొంత జన్యువుల్లో ఎఫ్‌టీఎస్‌హెచ్ అనేది ఒకటి. చెడిపోయిన డీ1ను తొలగించే పనిముట్టును తయారుచేసేది ఆ జన్యువే. భూమి మీది మొక్కల్లో ఆ జన్యువు కేంద్రకానికి వెళ్ళిపోయింది, వౌచీరియాలో రేణువులోనే మిగిలింది. అంటే మోటారుతో పాటు పానా సంచి కూడా వచ్చిందన్నమాట. ఏ మోటారును పడితే దాన్ని ఎత్తుకొస్తే ఇన్ని నెలలు నడవదు. ఆ చిత్తడిలో, ఆ ఉప్పు మార్పులను తానూ తట్టుకుంటూ పెరిగే మొండి పాచిని ఎంచుకోవడంలోనే నత్త గెలుపు చాలావరకు ఉంది.

మూడో మాట, ఎండ మీదే బతకడం. ప్రయోగశాలలో వౌచీరియా పెట్టకుండా, వెలుతురు మాత్రం ఇచ్చి ఎలీసియా క్లోరోటికాను తొమ్మిది పది నెలలు బతికించిన మాట నిజం. దాని ఆయువే సుమారు అంత. అయితే వేరే పరిశోధకులు 2014లో ఒక ప్రయోగం ప్రచురించారు. దీని బంధువులైన రెండు జాతులను కొన్నింటిని చీకట్లో పెట్టారు, కొన్నింటికి కిరణజన్య సంయోగక్రియను ఆపే మందు ఇచ్చారు, కొన్నింటిని వెలుతురులో ఉంచారు. అన్నీ వారాల తరబడి బతికాయి, బరువు తగ్గడంలోనూ పెద్ద తేడా లేదు. ఎండే కూడైతే చీకట్లోవి ముందు పోవాలి కదా. దాంతో ఆ రేణువులు పొయ్యి కావు, గాదె అనే వాదన బలపడింది. మెల్లగా అరిగించుకోవడానికి దాచుకున్న తిండి అని. 2025లో హార్వర్డ్ పరిశోధకులు ఇంకో బంధువు ఎలీసియా క్రిస్పాటాలో చూపించింది కూడా ఆ వైపే. ఆ నత్త హరితరేణువులను తన సొంత పొరతో చేసిన సంచుల్లో కాపాడుతుంది. ఆకలి ముదిరినప్పుడు అదే సంచిలో వాటిని అరిగించుకుంటుంది, అప్పుడు నత్త పచ్చరంగు పోయి నారింజ రంగుకు తిరుగుతుంది.

గాదె అనేసి ఊరుకుందామంటే 2021 నాటి ఇంకో ఫలితం అడ్డొస్తుంది. మధ్యధరా సముద్రపు ఎలీసియా టిమిడాను తగినంత వెలుతురులో పెంచితే ఎక్కువ గుడ్లు పెట్టింది, వెలుతురు తగ్గిస్తే గుడ్లు తగ్గాయి. రేణువులు పట్టిన కార్బన్ గుడ్లు తయారయ్యే అవయవాల దాకా చేరింది. కాబట్టి నిండు కాపురం ఎండ మీద నడవదు, ఎండ వల్ల లాభం లేదనీ కాదు. నా మట్టుకు నేను మా వైపు ఇంటి బర్రెతో పోల్చుకుంటాను. ఉన్నన్నాళ్ళూ పాలిస్తుంది, కరువొస్తే అమ్ముకోవచ్చు. రెండు పనులూ ఒక్కదానితోనే జరుగుతాయి. జాతిని బట్టి పాలెక్కువా అమ్మకం ఎక్కువా అన్నది మారుతుంది, ఒక జాతి ఫలితాన్ని తెచ్చి ఇంకో జాతికి అంటగట్టడం వల్లే ఈ తగవు సగం పెరిగింది.

వసంతంలో ఆ చిత్తడి గుంటల్లో ఎలీసియా క్లోరోటికా జిగురు దారాల్లో గుడ్లు పెడుతుంది. ప్రతి నత్తా ఆడా మగా రెండూ. గుడ్లు పెట్టాక పెద్దవి దాదాపు ఒకేసారి చనిపోతాయి. ఆ రోజుల్లో వాటి కణాల నిండా ఒక వైరస్ కనిపిస్తోందని 1999లో పియర్స్ బృందం రాసింది. గుడ్ల నుంచి వచ్చే పిల్లలకు చిన్న గుల్ల ఉంటుంది, నీళ్ళలో ఈదుతూ సూక్ష్మమైన పాచిని తింటాయి. ఒంట్లో పచ్చదనం చుక్క కూడా ఉండదు. కొన్ని వారాలకు వౌచీరియా పోగు తగలాలి. తగిలితేనే అక్కడ దిగి, గుల్ల వదిలేసి నత్త రూపానికి వస్తాయి. అప్పటికీ గోధుమ రంగే, మీద ఎర్రచుక్కలు. మొదటి గాటు పెట్టి పీల్చాక ఈనెల వెంట పచ్చదనం పాకుతుంది. మొదట్లో కొన్ని రోజులు తింటూనే ఉండాలి, ఈలోపు పాచిని దూరం చేస్తే రంగు నిలవదు. అంటే ఆ బురద గుంటలో వౌచీరియా లేని ఏడాది ఆ ఆకుపచ్చ నత్త అనే జీవే అక్కడ తయారు కాదు.

అంతా విన్నాక ఆ అమ్మాయి అడిగింది. "అయితే సార్, పులికాట్‌లో ఉంటాయా?" ఈ జాతి ఉండదు, అది అట్లాంటిక్ తీరానిది. దాని బంధువులు మాత్రం మన దేశపు తీరాల్లో ఉన్నాయి. గుజరాత్‌లో, మన్నార్ సింధుశాఖలో, అండమాన్‌లో ఎలీసియా జాతులు నమోదయ్యాయి. వెతకాలంటే నీళ్ళను కాదు, పాచిని వెతకాలని చెప్పాను. ఆటు సమయంలో రాళ్ళకు, తాళ్ళకు పట్టిన పచ్చపాచిని పీకకుండా, దాని కొసలు మునిగేలా తెల్లటి పళ్ళెంలో కాస్త ఉప్పునీళ్ళు పట్టి మెల్లగా ఆడిస్తే, పాచి ముక్క అనుకున్నది ఒకటి కొమ్ములు చాపి కదలొచ్చు. చూశాక ఆ నీళ్ళతోనే ఆ పాచి మీదే వదిలేయాలి. సంక్రాంతి సెలవుల్లో తడ దగ్గర వాళ్ళ మేనమామ ఊరికి పోతానంది. పళ్ళెం, భూతద్దం నా దగ్గరే తీసుకుపోయింది.